లండన్‌లో పాడితే అది వెల్ష్ పాట కాకుండా పోతుందా?

లండన్‌లో ఉంటూ వేల్స్ పాటలు పాడే పురుషుల బృందం లండన్ వెల్ష్ మేల్ వాయిస్ క్వాయర్ పేరెత్తితే చాలు, ఎవరో ఒక పెద్దమనిషి తయారవుతాడు. "అసలు బృందగానం వినాలంటే వేల్స్‌లోని రోండా లోయకు వెళ్ళాలి. లండన్‌ది నకలు. అందులో చాలామందికి వెల్ష్ భాషే రాదు" అని తేల్చేస్తాడు. నాకు ఒళ్ళు మండేది ఇక్కడే.

సరే, ఆ రోండా సంగతే చూద్దాం. 1851లో ఆ లోయలో రెండు వేల మంది కూడా లేరు. 1911 నాటికి లక్షన్నర దాటారు. అంతమంది ఎక్కడి నుంచి ఊడిపడ్డారు? బొగ్గు గనుల్లో పని కోసం వేల్స్ పల్లెల నుంచి, ఇంగ్లండ్ నుంచి వచ్చారు. పగలు గనిలో దిగి, సాయంత్రం చాపెల్‌లో, అంటే చిన్న ప్రార్థనా మందిరంలో చేరి పాడుకున్నారు. జాన్ కర్వెన్ అనే ఇంగ్లీషు మతబోధకుడు ప్రచారంలోకి తెచ్చిన టానిక్ సోల్‌ఫా అనే స్వరలిపి వాళ్ళకు అందివచ్చింది. పాశ్చాత్య సంగీతపు అయిదు గీతల లిపి అక్కర్లేదు, స్వరాలను అక్షరాలతోనే రాసుకుంటారు. సరిగమలు రాసుకునే మనకు దాని సులువు వేరే చెప్పాలా? బడి ముఖం పెద్దగా చూడని కార్మికులు కూడా ఆ అక్షరాలు పట్టుకుని పై స్థాయి నుంచి కింది స్థాయి దాకా టాప్ టెనర్, సెకండ్ టెనర్, బారిటోన్, బాస్ అని నాలుగు గొంతులుగా విడిపోయి పెద్ద పెద్ద రచనలు పాడారు. లోయలో పుట్టిన బృందాలు కూడా వలసవచ్చినవాళ్ళు కట్టుకున్నవే!

ఈ బృందాలన్నీ ప్రాణంగా పాడుకునే 'మవాన్వీ' పాటకు స్వరం కట్టిన జోసెఫ్ ప్యారీ మాత్రం? వేల్స్‌లోని మెర్థిర్‌లో పుట్టి, చిన్నతనంలోనే గని పనికి వెళ్ళి, 1854లో కుటుంబంతో అమెరికా చేరి, పెన్సిల్వేనియా ఇనుప కర్మాగారాల్లో పనిచేశాడు. తర్వాత వేల్స్‌కు తిరిగొచ్చి ఆబరిస్త్‌విత్‌ ఊళ్ళో సంగీతాచార్యుడయ్యాడు. ఆయన వెల్ష్‌తనాన్ని ఏ పెద్దమనిషీ శంకించడు.

లండన్‌కు వచ్చిన వెల్ష్‌వాళ్ళదీ అదే కథ. వేల్స్‌లోని కార్డిగన్‌షైర్ నుంచి వచ్చి పాల వ్యాపారం చేశారు, బట్టల దుకాణాలు పెట్టారు, బడిపంతుళ్ళుగా చేరారు. గ్రేస్ ఇన్ రోడ్డులో లండన్ వెల్ష్ సెంటర్ ఉంది. ఇప్పటికీ అక్కడ వెల్ష్ పాట సాధన జరుగుతుంది.

ఇక భాష రాదన్న ఫిర్యాదు. తెలుగువాళ్ళం మనం ఈ మాట అనకూడదు. తెలుగు మాట్లాడని తమిళ విద్వాంసులు తరతరాలుగా త్యాగరాజ కృతులను నెత్తిన పెట్టుకుని మోశారు. వాళ్ళ ఉచ్చారణలో తప్పులు పట్టుకుని నవ్వుకోవడం మనకు సరదా. మనలో ఎంతమందిమి పది కృతులు పూర్తిగా పాడగలం? వెల్ష్ రాని లండన్ గుమాస్తా పని ముగించుకుని వచ్చి, ఆ కటువైన హల్లులను నోటికి పట్టించుకుని పాడుతున్నాడంటే నేను దండం పెడతాను.

నా ఫిర్యాదు వేరే ఉంది. ఈ మధ్య పురుష బృందాల కచేరీల్లో ఇంగ్లీషు సంగీతనాటకాల పాటలు, పాత పాప్ పాటలు ఎక్కువైపోతున్నాయి. టిక్కెట్లు అమ్ముడుపోవాలి, నిజమే. అయినా లండన్‌లోని ఆల్బర్ట్ హాల్ లాంటి పెద్ద కచేరీ మందిరంలో వందల గొంతులు ఒక్కచోట చేరినప్పుడు, రేడియోలో రోజూ మోగే పాట నాకెందుకు? ఆ బాస్ గొంతులతో చాపెల్ కీర్తన ఒకటి పాడించండి, వెల్ష్‌లోనే. అర్థం కాగితం మీద అచ్చువేసి ఇస్తే చదువుకుంటాం.