సవరణ: 'మనమాయన సంతానం' అన్న మాట కీర్తనల్లోది కాదు

క్రైస్తవ ప్రచారకుడు పౌలు ఏథెన్సులో చేసిన ప్రసంగం (బైబిలులోని అపొస్తలుల కార్యములు 17వ అధ్యాయం) గురించి మొన్న పెట్టిన పోస్టులో, 'మనమాయన సంతానం' అన్న మాటను పౌలు కీర్తనల గ్రంథం నుంచి తీసుకున్నాడని రాశాను. అది తప్పు, సరిచూసుకోకుండా రాశాను.

ఆ మాట గ్రీకు కవి అరాటుస్‌ది. క్రీ.పూ. 3వ శతాబ్దంలో నక్షత్రాల మీద ఆయన రాసిన 'ఫెనోమెనా' కావ్యం మొదట్లోనే, 5వ పంక్తిలో ఉంది. బైబిలు వ్యాఖ్యాన గ్రంథాలు దాదాపు అన్నీ ఈ సంగతి చెబుతాయి. నిజానికి 28వ వచనంలో పౌలే 'మీ కవీశ్వరులలో కొందరు' అంటున్నాడు. అరాటుస్‌ది కిలికియ ప్రాంతంలోని సోలి, పౌలుది అదే కిలికియలోని తార్సు. ఆ కావ్యం అప్పటికి ఎంత పేరున్నదంటే, రోములో పేరున్న వక్త సిసెరో దాన్ని లాటిన్‌లోకి అనువదించాడు. పౌలు ఎదురుగా ఉన్నవాళ్లలో స్తోయికులు, ఎపికూరీయులు అనే రెండు గ్రీకు తత్వశాఖల వాళ్లు ఉన్నారు. మోషే ధర్మశాస్త్రం తెలియని ఆ సభలో, వాళ్లకు బాగా తెలిసిన కవితోనే పౌలు మాట కలిపాడు. నాకు ఈ ప్రసంగంలో అన్నిటికంటే నచ్చేది ఇదే.

ఇంకొకటి. అరాటుస్ ఆ పంక్తి రాసింది గ్రీకుల ప్రధాన దేవుడు జ్యూస్ గురించి కదా, అయితే పౌలు జ్యూస్‌ను ఒప్పుకున్నట్టేనా అని కామెంట్లలో ఒకరు అడిగారు. కాదు. ఆ వెంటనే 29వ వచనంలో, మనం దేవుని సంతానం కాబట్టి బంగారం, వెండి, రాయితో మనిషి మలిచిన బొమ్మను దైవం అనుకోకూడదని అదే పంక్తిని ఆధారం చేసుకుని వాదించాడు.