రెండు రోజుల్లో నేర్చుకొచ్చాడట, పోస్టర్ మీద ఊరి పేరు మాత్రం లేదు

పోయిన వారం ఒక పరిచయస్తుడు మెసేజ్ పెట్టాడు. వీకెండ్‌లో "ట్రైబల్ బ్లాక్ పాటరీ" వర్క్‌షాప్ పెడుతున్నాడట. మనిషికి 3,500, ఇరవై మందికి మాత్రమే. అప్పుడెప్పుడో మణిపూర్ వెళ్ళినప్పుడు రెండు రోజులు కూర్చుని నేర్చుకొచ్చాడట. నేనూ అక్కడికి వెళ్ళొచ్చానని ఎవరో చెప్పారట, "మీరూ ఒక సెషన్ తీసుకోండి" అంటాడు. కింద పోస్టర్ జత చేశాడు. ట్రైబల్ అని ఉంది, ఏన్షియంట్ అని ఉంది, ఇన్‌స్ట్రక్టర్ అని ఇతని ఫొటో ఉంది. ఊరి పేరు లేదు. తెగ పేరు లేదు. వద్దులే అని రెండు ముక్కల్లో జవాబిచ్చాను గానీ ఒళ్ళు మండటం ఇంకా తగ్గలేదు. అందుకే ఈ పోస్టు. పెద్దదే, ఓపిక ఉంటే చదవండి.

ముందు ఆ ఊరి పేరు చెప్తాను. మణిపూర్‌లో ఉఖ్రుల్ జిల్లా, టంగ్‌ఖుల్ నాగాల ఊళ్ళు. లోంగ్పీ ఖుల్లెన్, లోంగ్పీ కజుయి. నుంగ్బీ అని కూడా అంటారు. నల్లగా, కాస్త లోహంలా మెరుస్తూ, పిడికి పేము చుట్టి ఉండే గిన్నెలు, కెటిల్‌లు ఎగ్జిబిషన్లలో చూసే ఉంటారు. అవన్నీ అక్కడివే. చూడగానే అందరూ బంకమట్టి అనుకుంటారు, నేనూ అలాగే అనుకున్నాను. అందులో సగానికి పైగా రాయి! సర్పెంటినైట్ అనే నల్లరాయిని దంచి పొడి చేసి, బాగా మెత్తబడి మట్టిలా అయిపోయిన గోధుమరంగు రాతితో కలుపుతారు. రాయి ఐదు పాళ్ళు, మట్టి మూడు పాళ్ళు. అందుకే ఆ గిన్నెను నేరుగా మంట మీద పెట్టినా తట్టుకుంటుంది, దించాక చాలాసేపు వేడి నిలుపుకుంటుంది. సారె (కుమ్మరి చక్రం) వాడరు. ఆవం (కుండలు కాల్చే బట్టీ) ఉండదు.

నేను వెళ్ళింది 2022 డిసెంబర్‌లో. 2020 జనవరి 1 నుంచి బయటివాళ్ళు మణిపూర్ వెళ్ళాలంటే ఇన్నర్ లైన్ పర్మిట్ ఉండాలి, అది తీసుకుని వెళ్ళాను. అప్పటికి మూడేళ్ళుగా సారె మీద పని చేస్తున్నాను కాబట్టి మనసులో కొంచెం పొగరు ఉండేది. మట్టి అంటే మట్టే కదా, రెండు రోజుల్లో చెయ్యి కుదురుతుంది, మిగతా రోజులు నాలుగు మంచి ముక్కలు చేసుకుని తెచ్చుకోవచ్చు, ఇదీ లెక్క. మొత్తం పదకొండు రోజులున్నాను.

శనివారం సాయంత్రం చేరాను. మర్నాడు ఆదివారం. ఊరంతా క్రైస్తవులు, ఆదివారం చర్చి తప్ప ఎవరూ పనిలో చెయ్యి పెట్టరు. నేను మాత్రం పనిముట్ల వైపు చూస్తూ, ఒక రోజు పోయిందే అని లోపల లోపల టెన్షన్ పడుతూ కూర్చున్నాను. సోమవారం నాకిచ్చింది ముద్ద కాదు, రాళ్ళు. సోమ, మంగళ రెండు రోజులూ దంచడమే. బుధవారం పొద్దున్నించి సాయంత్రం దాకా పిసకడం. నేర్పిన ఆవిడ నాకంటే పదిహేనేళ్ళు పెద్దదే ఉంటుంది. ఆవిడ కొడుకు స్నేహితులు ఆంటీ అని పిలుస్తుంటే నేనూ ఆంటీ అనే పిలిచాను. నేను అరగంటకోసారి నడుము పట్టుకుని లేచేవాణ్ణి. ఆవిడ ముద్ద మీద అరచేయి ఆనించి, కాస్త నొక్కి, తల అడ్డంగా ఊపేది. ఇంకా కాలేదని. కొడుకు దుబాసీ పని చేసేవాడు గానీ ఆ తల ఊపుకి దుబాసీ అక్కర్లేదు.

గురువారం ముద్ద చేతికొచ్చింది. పలక మీద పరిచి, చపటాగా చేసి, పట్టీలా కోసి, గుండ్రటి అచ్చు చుట్టూ తిప్పి, రెండు కొసలూ అతికి, తర్వాత అడుగు కలపాలి. నేను ఊరుకుంటేనా? సారె మీద అలవాటు కదా, రెండు వేళ్ళ మధ్య గోడ పట్టుకుని పైకి లాగబోయాను. బొటనవేలి మందం కూడా లేవలేదు, అంచు పొడుగునా నెర్రెలు విచ్చింది. ఎండాకాలంలో చెరువు అడుగు చూసినట్టే ఉంది. ఆంటీ చూసింది, ఏమీ అనలేదు. వెదురు బద్దతో ఆ నెర్రెల పట్టీని చుట్టూ కోసేసి నీళ్ళ బేసిన్‌లో పడేసింది. తర్వాత ఏదో ఒక మాట అంది, కొడుకు పగలబడి నవ్వాడు. ఏమందని అడిగితే చెప్పడే! రాత్రి అన్నాల దగ్గర చెప్పాడు. "ఈయన రాయిని సాగదీస్తున్నాడు" అందట. మూడేళ్ళ నా అనుభవం మీద ఇంతకంటే సరైన రివ్యూ ఎవరూ రాయలేరు.

అసలు సంగతి కాల్చే రోజు జరిగింది. ఆరుబయట కుండలు పేర్చి, కట్టెలు, గడ్డి కప్పి నిప్పు పెడతారు. ఐదారు గంటలు కాలాలి. ఎర్రగా ఉన్నప్పుడే పొడుగాటి కర్రలతో బయటికి తీసి మాచీ అనే ఆకుతో రుద్దుతారు. ఆ మెరుపు అప్పుడే వస్తుంది. ఆకు తగలగానే చుయ్‌మని పొగ, ఆ పొగలోంచి నల్లటి నిగారింపు తేలుతూ రావడం, అది నేను ఎంత రాసినా మీకు కనపడదు. రెండో సోమవారం మంట పెట్టే ముందు ఆంటీ నా కుండ అడుగున గోటితో తట్టి చూసి, ఇది ఆరలేదు, తర్వాతి విడతలో పెడదాం అంది. నాకేమో మంగళవారం బయల్దేరాలి. పర్లేదు ఆంటీ, ఎండలోనే పెట్టాను కదా, ఆరిపోయింది, ఒక్కసారి చూద్దాం అని పట్టుబట్టాను. సరే అంది. అతిథిని కాదనలేక అందని ఇప్పుడు తెలుస్తోంది.

అరగంటలో ఢాం అని పేలింది. లోపల మిగిలిన తడి ఆవిరై బయటికి దారి లేక పగలగొట్టుకుని వచ్చింది. నాది పోతే పోయింది, పక్కనే ఆర్డర్ కోసం చేసిన రెండు కెటిల్‌లు ఉన్నాయి. ఒకదాని కొమ్ము విరిగింది, ఇంకోదానికి పొట్ట మీద పగులు. కుమ్మరికి ఒక ఏడు, గుదియకు ఒక పెట్టు అని ఊరికే అనలేదు. నేనే ఆ గుదియ, అంటే ఆ దుడ్డుకర్ర. బెంగపడుతూ నిలబడితే ఆవిడే నాకు టీ ఇచ్చింది.

ఆ రాత్రి నిద్ర పట్టక లెక్క వేసుకున్నాను. వచ్చిన మొదట్లో ఫీజెంత అని అడిగితే ఆంటీ నవ్వేసి ఊరుకుంది. నేను అది ఔదార్యం అనుకుని తెగ మురిసిపోయాను. నాకు నేర్పిన రోజుల్లో ఆవిడ తన పని ఎంత ఆపుకుంది? నేను పాడుచేసిన ముద్ద దంచింది ఎవరు? కట్టెలెవరివి? మంటలో నా కుండ కూర్చున్న చోట ఆవిడ గిన్నె కూర్చోవాల్సింది కదా? పొద్దున్నే కొడుకుతో కూర్చుని అవన్నీ కాగితం మీద రాయించి, కెటిల్‌ల ధరతో కలిపి ఇచ్చాను. ఆంటీ కాగితం చూసి, కట్టెల దగ్గర ఒక అంకె తప్పని దిద్దించింది. పెంచింది! నాకెంత హాయిగా అనిపించిందో. పదకొండు రోజుల్లో ఆవిడ నన్ను అతిథిగా కాకుండా మామూలు మనిషిలా చూసింది అప్పుడే.

కాబట్టి నేను చెప్పేది ఇది. నేర్పడం పని. వాళ్ళ ఇంట్లో అన్నం పెట్టినంత మాత్రాన అది ఆతిథ్యం కిందికి రాదు. "డబ్బు తీసుకోలేదండీ, ఎంత మంచి మనుషులో" అని రాసుకునే ట్రావెల్ పోస్టులు చూస్తే నాకు ఇప్పుడు అసహ్యం వేస్తోంది. అడగని డబ్బు ఎగ్గొట్టి వచ్చి దాన్ని వాళ్ళ మంచితనంగా పొగడటం ఏ రకం సంస్కారం? ఉచితంగా తెచ్చుకున్న దాన్ని ఇక్కడ 3,500కి అమ్మడం ఇంకో మెట్టు.

"విద్య అందరిదీ, దాచుకుంటే చచ్చిపోతుంది" అనేవాళ్ళు వస్తారని తెలుసు. దాచమని నేనలేదు. అమెరికాలో న్యూ మెక్సికో రాష్ట్రంలోని శాన్ ఇల్డెఫోన్సో పుయెబ్లో అనే ఆదివాసుల ఊరికి చెందిన కుండల కళాకారిణి మరియా మార్టినెజ్ సంగతే చూడండి. భర్త జూలియన్‌తో కలిసి 1919 ప్రాంతంలో, నునుపైన నలుపు మీద మెరుపులేని నలుపుతో బొమ్మలు తీర్చే పద్ధతి కనిపెట్టింది. మంట మీద ఎండిన పేడ కప్పి గాలి అందకుండా చేస్తే ఎర్రమట్టి నల్లబడుతుంది. ఆ పద్ధతిని ఆవిడ తన ఊళ్ళో అందరికీ నేర్పింది, బయటివాళ్ళ ముందూ చేసి చూపించింది. ఎవరికి చూపాలి, ఎంత చూపాలి అన్నది ఆవిడే తేల్చుకుంది, కుండల మీద తన పేరు తనే రాసుకుంది. అక్కడ 1990 నుంచి చట్టం కూడా ఉంది, ఆదివాసులు చేయని వస్తువును ఆదివాసులు చేసిందని చెప్పి అమ్మితే నేరం. మన దగ్గర 1999 నాటి జీఐ (భౌగోళిక గుర్తింపు) చట్టం కాపాడేది సరుకుకున్న ఊరి పేరునే. మా పెద్దమనిషి పోస్టర్‌లో ఆ పేరే లేదు కాబట్టి ఆ గొడవే లేదు!

ఇక ఈ "చచ్చిపోతున్న కళ" ఏడుపు ఒకటి. 2024లో లోంగ్పీ కళాకారుడు మచిహాన్ సాసాకు పద్మశ్రీ వచ్చినప్పుడు అన్నిచోట్లా వేల ఏళ్ళ కళ, నవీన శిలాయుగం అని రాశారు. రాయనీండి, సంతోషమే. కానీ ఆంటీ ఇంట్లో నన్ను అడిగిన ప్రశ్న ఏమిటో తెలుసా? కాఫీ మగ్గులు కొరియర్‌లో పగలకుండా ఎలా ప్యాక్ చేయాలి అని. వాట్సాప్‌లో ఆర్డర్లు వస్తున్నాయి, ఆ ఘాట్ రోడ్ల మీద దారిలో పగిలిపోతున్నాయి. శిలాయుగం గురించి ఎవరూ ఒక్క మాట మాట్లాడలేదు. 2023 మేలో జాతుల మధ్య హింస మొదలయ్యాక మణిపూర్ ఏమైందో మీకు తెలుసు. మళ్ళీ వెళ్దామనుకున్నవాణ్ణి వెళ్ళలేదు. కొడుకుతో అప్పుడప్పుడు ఫోన్‌లో మాట్లాడతాను, కుండల కంటే దారుల గురించే ఎక్కువ చెప్తాడు.

నేనేదో శుద్ధపూసనని కాదు. పని మొదలుపెట్టిన నాలుగో రోజునే "నా మొదటి లోంగ్పీ గిన్నె" అని ఫొటో పెట్టిన వెధవని నేనే. పాత ఫాలోవర్లకు గుర్తుండే ఉంటుంది, రెండొందల లైకులొచ్చాయి. అందులో అంచు ఆంటీది, అడుగు ఆంటీది, అతుకు ఆంటీది. ముద్దలో రాతిపొడి కొంత నాది. అది మొన్న తీసేశాను.

మా పరిచయస్తుడి దగ్గర్నుంచి నిన్న రాత్రి మళ్ళీ మెసేజ్. సెషన్ వద్దంటే పర్లేదుట, ఒక్క డౌట్ తీర్చమన్నాడు. ఆ ఆకు ఇక్కడ దొరకదు కదా, దాని బదులు మెరుపు కోసం ఏం వాడొచ్చు అని. షూ పాలిష్ అని టైప్ చేసి, చెరిపేసి, పడుకున్నాను.