కొల్లేటి గట్లు మూసేసిన దారి

విజయవాడ మార్కెట్లో దొరికే బొచ్చె, శీలావతి చాలావరకు చెరువుల్లో పెంచినవే. చెరువు చేప దండిగా దొరుకుతోంది కనుక నదిలోని చేపకు వేట తప్పిందని ఆక్వా రంగాన్ని సమర్థించేవారు చెబుతారు. కొంత నిజమే. పైగా ఈ చేపలు తవుడు, నూనెగింజల చెక్కతో పెరుగుతాయి. సముద్రపు చేపను పొడి చేసి వేయాల్సిన పని పెద్దగా లేదు. రొయ్యల మేత సంగతి వేరు, అందులో చేపపొడి కలుస్తుంది.

మన దగ్గర అసలు చిక్కు మేత కాదు, చోటు. బుడమేరు, తమ్మిలేరు తెచ్చే వరద కొల్లేరులో పరుచుకుని ఉప్పుటేరు మీదుగా సముద్రంలో కలుస్తుంది. తొలకరి కొత్తనీటికి ఎదురెక్కి పల్లపు గడ్డిలో గుడ్లు పెట్టే మార్పు చేపకు, గట్టు వారల్లో పిల్లల్ని కాచుకునే కొరమీను, మట్టగిడసలకు ఆ నీరే పురిటిల్లు. సరిగ్గా అక్కడే చేపల చెరువులు తవ్వాం. 1999లో కొల్లేరు అభయారణ్యమైంది, 2002లో అంతర్జాతీయ ప్రాముఖ్యం గల చిత్తడి నేలల జాబితా అయిన రామ్‌సర్ జాబితాకెక్కింది, 2006లో ప్రభుత్వమే లోపలి చెరువుల గట్లను పేల్చింది. తరువాత చాలాచోట్ల అవి మళ్లీ లేచాయి. 2024 సెప్టెంబరులో బుడమేరు విజయవాడను ముంచినప్పుడు నీరు పోయే దారి గురించి ఎన్నో చర్చలు జరిగాయి. అది చేప వచ్చే దారి కూడా అన్న మాట వాటిలో నాకు వినపడలేదు.

గట్టు పొర్లితే మరో ముప్పు. 1952లో దేశంలోకి వచ్చిన తిలాపియా ఒకసారి కాలువలో పడితే దాని సంతతిని ఏరిపారేయడం అయ్యే పని కాదు. మగ చేపపిల్లలనే పెంచాలన్న నిబంధన అందుకే. నిషేధం ఉన్నా చాటుగా కోళ్ల వ్యర్థాలు మేపి పెంచే ఆఫ్రికన్ క్యాట్‌ఫిష్ మరీ ప్రమాదం. చిన్న చేపల్ని బతకనివ్వదు.

నాటు చేప తగ్గడానికి విరుగుడుగా నదుల్లో, రిజర్వాయర్లలో చేపపిల్లలను వదులుతున్నారు. అవి ఎక్కువగా మళ్లీ బొచ్చె, శీలావతే. కాగితం మీద దిగుబడి పెరుగుతుంది, బొమ్మిడాయి మాత్రం తిరిగిరాదు.

చెరువులు మూసేయమని నేననను. వేల కుటుంబాలు వాటి మీద బతుకుతున్నాయి. కానీ అభయారణ్యం హద్దును ఐదో కాంటూరు (సముద్రమట్టం నుంచి నేల ఎత్తును చూపే గీత) నుంచి మూడుకు దించాలన్న పాత డిమాండుకు ఒప్పుకుంటే 308 చదరపు కిలోమీటర్లు 135కు పడిపోతాయి. పోయే భాగం వరద పలచగా పరుచుకునే అంచు. పిల్లచేప పెరిగేదీ అక్కడే. ముందు ఆ డిమాండును పక్కన పెట్టి, హద్దు లోపల మళ్లీ లేచిన గట్లను తీయాలి. వెలుపలి చెరువుల తూములకు జాలీలు బిగించడం ఆ తరువాతి పని.