పాడ్‌కాస్టు కర్నల్ గారు, బురదలో అవ్వ

మైకు ముందు కూర్చుని ముచ్చట్లు చెప్పుకునే మనిషికి సైన్యంలో లెఫ్టినెంట్ కర్నల్ హోదా ఇచ్చిన దేశం ఇండోనేషియా. 2022 డిసెంబర్‌లో ఆ గౌరవ హోదా అందుకున్నాయన పేరు డెడీ కొర్బుజియర్. మొదట గారడీ, తర్వాత టీవీ, ఆపైన యూట్యూబ్‌లో పాడ్‌కాస్టు. ఇచ్చింది అప్పటి రక్షణ మంత్రి ప్రబోవో. తెరమీది కృష్ణుణ్ణి 1983లో ముఖ్యమంత్రిని చేసుకున్న మనకి నవ్వే హక్కు లేదు కాబట్టి నవ్వకుండానే చెప్తాను.

ఆ దేశం మొదట్లో ఇంత ఉదారంగా లేదు. 2016 జనవరిలో నెట్‌ఫ్లిక్స్ గడప తొక్కిన నెలలోనే సర్కారు వారి ఇంటర్నెట్ కంపెనీ టెల్కోమ్ దాని మొహానే తలుపు మూసింది. ఆ తలుపు తెరుచుకునేసరికి 2020 జులై. టీవీల్లో అయితే స్పాంజ్‌బాబ్ కార్టూన్‌లోని ఉడత బికినీ మీద కూడా బ్లర్ పడింది. ఉడతని చూసి ఎవరి మనసు చెదురుతుందో, భయపడి బ్లర్ చేసినవాళ్లకే తెలియాలి.

ఈలోగా ఆర్‌సీటీఐ అనే టీవీ ఛానల్‌కి కడుపు మండింది. మాకున్న రూల్సు ఇంటర్నెట్ వీడియోలకీ పెట్టండంటూ రాజ్యాంగ న్యాయస్థానానికి వెళ్లింది. 2021 జనవరిలో కోర్టు కుదరదంది. పంతం ఎన్నాళ్లుంటుంది? ఏప్రిల్‌కల్లా అదే ఛానల్, అట్టా హలీలింతార్ అనే యూట్యూబర్ పెళ్లిని దేశమంతటికీ లైవ్ చూపించింది. పెళ్లికి సాక్షులెవరు? అప్పటి అధ్యక్షుడు జొకోవీ, మన ప్రబోవో. మామూలు పెళ్లికి వార్డు మెంబరొస్తేనే మనవాళ్లు ఫ్లెక్సీ కడతారు.

ప్రబోవో అధ్యక్షుడయ్యాక 2024 అక్టోబర్‌లో రఫీ అహ్మద్‌ని యువతకు, కళాకారులకు ప్రత్యేక ప్రతినిధిగా పెట్టుకున్నారు. టీవీ, యూట్యూబ్ రెండింట్లోనూ ఇంటి సంగతులు చూపించి పేరు తెచ్చుకున్న మనిషి. ఇల్లు చూపించినవాడికి దేశం చూపించడం ఒక లెక్కా?

నా బాధల్లా లొంబోక్ దీవి అవ్వల గురించి. 2023 జనవరిలో టిక్‌టాక్ లైవ్‌లో వాళ్ల తపస్సు చూడాలి. బురదనీళ్ల గుంటలో నడుముదాకా మునిగి కూర్చోవడం, చూసేవాడెవడో యాప్‌లో డబ్బుపెట్టి కొన్న గులాబీ బొమ్మ పంపగానే ఒక చెంబెడు బురదనీళ్లు నెత్తిన పోసుకోవడం. మళ్లీ గులాబీ, మళ్లీ చెంబు. అలా గంటల తరబడి. చలికి వణుకు. ఫోను పట్టుకునేది ఇంకొకరు, గులాబీల డబ్బులో వాటా యాప్‌కి. స్క్రిప్టు లేదు, మేకప్ లేదు, టేకులు లేవు.

ఇంత కష్టపడిన కళాకారులకి సర్కారు ఏమిచ్చిందంటారా? సాంఘిక సంక్షేమ మంత్రి సంతకంతో ఒక సర్క్యులర్: ముసలివాళ్లని అడ్డం పెట్టుకుని ఆన్‌లైన్‌లో అడుక్కోవడం ఆపించండి అని. సర్క్యులర్ న్యాయమైనదే, కాదనను. కాకపోతే అవ్వ దగ్గర ఒక గుంట, ఒక చెంబు తప్ప సొంత ఛానల్ లేదు. ఉండుంటే ఈపాటికి కనీసం హవల్దార్ అయ్యుండేది.