తాళం దొంగకు, తిప్పలు ఇంటివాళ్లకు

పాల డబ్బుతో కొన్న ఫోన్ అది. పలమనేరు వైపు పల్లె నుంచి ఒక పెద్దామె దాన్ని చేతిరుమాల్లో చుట్టుకుని చిత్తూరులో రిపేరు అంగడికి తెచ్చింది. మనవడు ప్యాటర్న్ మార్చి మరిచిపోయాడు. ఊళ్లో ఎవరో బటన్లు నొక్కి ఫ్యాక్టరీ రీసెట్ కొట్టారు. ఫోన్ కొత్తదానిలా లేచింది గానీ, ఇంతకుముందు ఇందులో ఉన్న గూగుల్ ఖాతా ఏదో చెప్పమంటూ అక్కడే ఆగిపోయింది. ‘కొన్నప్పుడు అంగట్లో పిల్లోడే ఏదో పెట్టిచ్చినాడు నాయనా, నాకేం తెలుసు’ అంది. ‘లాక్ తీసే సాఫ్ట్‌వేర్ ఉందిలే అవ్వా, ఆరొందలవుతాది’ అన్నాడు కౌంటరు మీది కుర్రాడు. బిల్లు అడగలేదు. ఫోన్ ఎవరిదనీ అడగలేదు.

ఆ అడగకపోవడం మీదే మా అభ్యంతరం.

రీసెట్ తర్వాత పాత ఖాతా అడిగే ఈ తాళం దొంగలను ఆపడానికి పెట్టింది. ఐఫోన్లలో 2013లో, ఆండ్రాయిడ్‌లో 2015లో 5.1 వెర్షన్‌తో వచ్చింది. రీసెట్ చేస్తే ఫోన్‌లో ఉన్నదంతా పోతుంది గానీ, యజమాని ఖాతా గుర్తు మాత్రం రీసెట్ తాకని వేరే భాగంలో భద్రంగా ఉంటుంది. రోజూ వేల మంది భక్తులు దిగే తిరుపతిలో దీని విలువ వేరే చెప్పాలా? బస్టాండులోనో, రైల్వే స్టేషన్లోనో, అలిపిరి దగ్గరో కొట్టేసిన ఫోన్ దొంగ చేతిలో పనికిరాకుండా పోవాలి. అయితే ఆరొందలకు అడక్కుండా తాళం తీసే అంగడి ఉన్నంత కాలం ఆ ఫోన్‌కు గిరాకీ తగ్గదు.

ఈ సాఫ్ట్‌వేర్లలో మంత్రమేమీ లేదు. ఫోన్ ప్రాసెసర్‌లోనో, ఆండ్రాయిడ్‌లోనో మిగిలిపోయిన లొసుగు పట్టుకుని లోపలికి దూరతాయి. కంపెనీ పంపే మరమ్మతు అప్‌డేట్ (సెక్యూరిటీ ప్యాచ్) వచ్చి ఆ లొసుగు మూసుకుంటే నిన్న పనిచేసింది ఇవాళ పనిచేయదు. అందుకే కొందరు టెక్నీషియన్లు డబ్బు పెట్టి ఈ సాఫ్ట్‌వేర్ వాడుకునే అనుమతి ఇచ్చే డాంగిళ్లు (కంప్యూటర్‌కు తగిలించే చిన్న పరికరాలు), క్రెడిట్లు కొంటారు. కొనలేనివాళ్లు ఇంటర్నెట్‌లో క్రాక్ చేసిన కాపీ దింపుకుంటారు. ‘ముందు యాంటీవైరస్ ఆపేయండి’ అని అదే చెబుతుంది. ఆ మాట విన్నాక కూడా ముందుకెళ్లడం కొరివితో తల గోక్కోవడమే. జనం ఆధార్ కాపీలు ప్రింటు తీయించుకునేదీ తరచూ ఆ అంగడి కంప్యూటర్లోనే. ఇంకో మాట: లాక్ తీయిస్తే పాత ఫొటోలు తిరిగొస్తాయని చాలామంది ఆశపడతారు. రావు. రీసెట్‌తోనే వాటిని చదివే ఎన్‌క్రిప్షన్ తాళంచెవులు చెరిగిపోతాయి.

లాక్ తీసే పనే వద్దని మేము అనడం లేదు. చనిపోయిన తండ్రి ఫోన్ పట్టుకుని వచ్చే కొడుకులు ఉంటారు, ఆ అవ్వలాంటి వాళ్లూ ఉంటారు. మేము అడుగుతున్నది, తీసే ముందు ఒక్క నిమిషం ఆగమని. స్టార్ హ్యాష్ 06 హ్యాష్ కొట్టినా, పెట్టె మీద చూసినా ఫోన్‌కు గుర్తింపు నంబరైన 15 అంకెల ఐఎంఈఐ దొరుకుతుంది. ‘కేవైఎం’ (KYM) అని ఇంగ్లిష్‌లో టైపు చేసి పక్కన ఆ నంబరు వేసి 14422కు మెసేజ్ పంపితే ఫోన్ బ్లాక్‌లిస్టులో ఉందో లేదో తెలుస్తుంది. 2023 మే నుంచి కేంద్ర ప్రభుత్వ సంచార్ సాథీ పోర్టల్లో దేశమంతటా ఎవరైనా పోయిన ఫోన్‌ను బ్లాక్ చేయించుకోవచ్చు. దొంగ సొత్తని తెలిసీ దగ్గర పెట్టుకుంటే భారతీయ న్యాయ సంహిత 317 సెక్షన్ కింద మూడేళ్ల వరకూ జైలు. ఐఎంఈఐనే మారిస్తే 2023 టెలికం చట్టం ప్రకారం మూడేళ్ల దాకా జైలు, లేదా 50 లక్షల దాకా జరిమానా, లేదా రెండూ. తిరుపతి, చిత్తూరు పోలీసులు పోయిన ఫోన్లు వెతికి యజమానులకు అప్పగించడం మనం చూస్తున్నదే. ఆ శ్రద్ధలో కొంత ఈ కౌంటర్ల మీదా పెట్టాలి. లాక్ తీసిన ప్రతి ఫోన్‌కూ ఐఎంఈఐ, తెచ్చినవాళ్ల పేరు రాసిన పుస్తకం అంగట్లో ఉండాలి.

అసలు చిక్కు కొన్న రోజే మొదలవుతోంది. సేల్స్ కుర్రాడు తోచిన పేరుతో జీమెయిల్ తెరిచి, తోచిన పాస్‌వర్డ్ పెట్టి ఫోన్ చేతికిస్తాడు. ఆ రెండూ బిల్లు వెనక రాసిచ్చి, రికవరీకి కొన్నవాళ్ల నంబరే పెడితే సగం మందికి ఈ తిరుగుడు తప్పుతుంది. ఫోన్ అమ్మేవాళ్లు కూడా సెట్టింగ్స్‌లో ఖాతా తీసేశాకే రీసెట్ చేయాలి. పాస్‌వర్డ్ మార్చుకున్నవాళ్లు రీసెట్‌కు ముందు 24 గంటలు ఆగాలని గూగులే చెబుతోంది.

కొన్న బిల్లు చూపిస్తే తాళం తీసిచ్చే కంపెనీ సర్వీసు సెంటర్లు ఉన్నాయి. ఆ సంగతి ఆ పెద్దామెకు ఎవరూ చెప్పలేదు. ఆమె బిల్లు ఇంట్లో బియ్యం డబ్బా అడుగున ఉందట. అడిగి ఉంటే మర్నాడు తొలి బస్సుకే తెచ్చేది.