స్లో మోషన్ వీరమరణం గారికి

మహారాజశ్రీ స్లో మోషన్ వీరమరణం గారికి నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేము క్షేమం. తమరి క్షేమం అడగలేం, వృత్తి అలాంటిది.

యుద్ధ సినిమాల్లో తమరి వరస మాకు కంఠతా వచ్చు. కెమెరా సెకనుకు 96 ఫ్రేములు తీస్తుంది, తెర మీద 24 నడుస్తాయి. సెకనులో పోవాల్సిన ప్రాణం నాలుగు సెకన్లు పోతుంది. తుపాకులు మర్యాదగా ఆగి వయొలిన్లకు దారిస్తాయి. జేబులోంచి కాబోయే భార్య ఫొటో జారుతుంది. మొదటి అరగంటలో దాన్ని పక్కవాడికి చూపించినప్పుడే మనిషి దక్కడని మాకు తెలిసిపోయింది. గుండెలో తూటా దిగినా మూడు డైలాగులకు సరిపడా ఊపిరి మిగలడం మాత్రం వైద్యులకే అంతుపట్టదు.

ఇంత పరువునూ బ్లాక్ కామెడీ వాళ్లు, అంటే చావులోంచి కూడా నవ్వు పిండేవాళ్లు, తీసేస్తున్నారు. చేసేది పెద్దగా ఏమీ లేదు, తమరి టైము లాగేసుకుంటారు. మామూలు వేగం, లాంగ్ షాట్, సంగీతం నిల్. మాట సగంలో ఉండగా మనిషి పోతాడు, పక్కవాడు ఫారం నింపుతుంటాడు. నవ్వేశాక మాకు సిగ్గేస్తుంది.

పీటర్ జార్జ్ నవల ‘రెడ్ అలర్ట్’ను దర్శకుడు స్టాన్లీ కుబ్రిక్ మొదట గంభీరంగానే తీద్దామనుకున్నాడు. అణుయుద్ధం లెక్కను చివరిదాకా వేసేసరికి అదే నవ్వయి కూర్చుంది: 1964లో ‘డాక్టర్ స్ట్రేంజ్‌లవ్’. కలబడ్డ ఇద్దరిని అమెరికా అధ్యక్షుడు మందలిస్తాడు, ఇది వార్ రూమ్ (యుద్ధం నడిపే గది), ఇక్కడ కొట్టుకోకూడదని. ఆ గదిలోనే క్రీమ్ పైలు విసురుకునే పెద్ద సీను తీసి, సినిమా స్వభావానికి సరిపడక కుబ్రిక్ కోసేశాడు. కిటుకంతా అక్కడే ఉంది. తను నవ్విస్తున్నానని పాత్రకు తెలిసిందా, వంటకం మాడినట్టే.

1970లో రాబర్ట్ ఆల్ట్‌మన్ తీసిన యుద్ధరంగపు ఆసుపత్రి కథ ‘మ్యాష్’లో ఆపరేషన్ బల్ల మీద నెత్తురు నెత్తురులాగే ఉంటుంది, జోకులు దాని మీదుగా సాగుతాయి. హెడ్ నర్సును అవమానించే స్నానం సీను మాత్రం మాకు నవ్వు తెప్పించదు. యుద్ధానికి పడాల్సిన దెబ్బ ఒక ఆడమనిషికి పడింది.

తమరు అస్సలు చూడకూడనిది 2001 నాటి ‘నో మ్యాన్స్ ల్యాండ్’. డానిస్ తనోవిచ్ తీసిన బోస్నియా యుద్ధం కథ. గాయపడ్డ సైనికుడి వీపు కింద మందుపాతర. లేస్తే పేలుతుంది, తీయడం ఎవరి వల్లా కాదు. కాపాడేశామని విలేకరులను నమ్మించి ఐక్యరాజ్యసమితి వాళ్లు వెళ్లిపోతారు. కెమెరా పైపైకి పోతుంది, కందకంలో అతను అలాగే పడుకుని ఉంటాడు. తమరికి అక్కడ పనే లేదు.

జాబు అందగానే, నెమ్మదిగా కూలకుండా, ప్రత్యుత్తరం రాయగలరు.

ఇట్లు,
టికెట్టు కొన్న ప్రేక్షకులు