మొరేనోను దెబ్బతీసింది యాస కాదు

మూకీ తారల గురించి పదేపదే షేర్ అయ్యే కథ ఒకటుంది: "ఆంటోనియో మొరేనో, మూకీల నాటి ప్రేమనాయకుడు వాలెంటినోకు నకలుగా తయారైన లాటిన్ లవర్. టాకీలు రాగానే స్పానిష్ యాస బయటపడింది. స్టూడియోలు పక్కన పెట్టేశాయి. ఆ తర్వాత తెరమీద కనిపించలేదు." ఇందులో చాలావరకు నిలబడదు.

"యాస బయటపడగానే పక్కన పెట్టేశారు"

1929లోనే ఆయన ఇంగ్లిష్ టాకీల్లో మాట్లాడారు. 'కెరీర్స్', ఫాక్స్ వారి 'రొమాన్స్ ఆఫ్ ది రియో గ్రాండే' రెండూ ఆ ఏడాదివే. మరుసటి ఏడాది 'వన్ మ్యాడ్ కిస్'. 1929 జాబితాలోనే ఉన్న 'సింథటిక్ సిన్'ను మాత్రం ఈ లెక్కలో వేయకూడదు. దానికి జోడించింది సంగీతం, శబ్దాలే గనుక ఆయన గొంతుకు అది పరీక్షే కాదు.

అసలు పొరపాటు ఎక్కడ జరుగుతోందంటే, ఇంగ్లిష్ సినిమాలు మాత్రమే లెక్కపెడితే 1930 తర్వాతి ఏళ్లు వెలితిగా కనిపిస్తాయి. స్పానిష్ పేర్లు కూడా కలపండి: 'ఎల్ కుఎర్పో దెల్ దెలితో', 'ఎల్ ఓంబ్రె మాలో', 'లోస్ కె దాన్సాన్', 'లా వొలుంతాద్ దెల్ ముఎర్తో'. ఈ నాలుగూ 1930వే, అన్నీ హాలీవుడ్‌లో తీసినవే. డబ్బింగ్ ఇంకా కుదురుకోని రోజులవి. అందుకని స్టూడియోలు అదే కథను, అవే సెట్లలో, వేరే నటులతో మరో భాషలో మళ్లీ తీసేవి. యూనివర్సల్ స్టూడియోలో పగలు ఇంగ్లిష్ యూనిట్ పనిచేసి వెళ్లాక, రాత్రి స్పానిష్ యూనిట్ దిగేది. ఆ పనికి స్పానిష్ మాతృభాషగా ఉండి, కెమెరా ముందు ఏళ్ల అనుభవం ఉన్నవాళ్లు కావాలి. అంటే ఆయన్ని గెంటేసిందని చెబుతున్న ఆ భాషే ఆయనకు వేషాలు తెచ్చింది.

తర్వాత డబ్బింగ్ మెరుగుపడింది. ఒకే కథను రెండుసార్లు తీసే ఖర్చు దండగ అనిపించి ఈ వెర్షన్లు తగ్గిపోయాయి. పైగా 1887 సెప్టెంబర్ 26న మాడ్రిడ్‌లో పుట్టిన ఆయనకు 1930 నాటికి 43 ఏళ్లు, ప్రేమనాయకుడి వేషాలు దాటిపోయే వయసు. హీరో వేషాలు తగ్గడానికి కారణం వెతికేవాళ్లు ముందు చూడాల్సింది ఈ రెండింటినే.

ఈ కథ చెప్పేవాళ్లు 'సాంతా'ను వదిలేయడం మరీ అన్యాయం. మెక్సికోలో ఆ సినిమాకు దర్శకుడు మొరేనోనే. 1932 మార్చిలో విడుదలైంది, నాయిక లుపితా తొవార్. అంతకుముందు అక్కడి ప్రయత్నాల్లో శబ్దం విడిగా డిస్క్ మీద ఉండేది. సూది జారినా, ఫిల్ము తెగి నాలుగు ఫ్రేములు పోయినా పెదవులకీ మాటకీ పొత్తు కుదిరేది కాదు. రోద్రిగెజ్ సోదరుల పరికరంతో 'సాంతా' శబ్దం బొమ్మ ఉన్న ఫిల్ము మీదే నమోదైంది. మెక్సికో టాకీ పరిశ్రమ నిలదొక్కుకుంది ఇక్కడినుంచే. గొంతు పనికిరాదని పంపేసిన మనిషి చేతికి ఒక దేశం తన తొలి టాకీల్లో ఒకదాన్ని అప్పగిస్తుందా?

"వాలెంటినోకు నకలు"

తేదీలు చాలు. మొరేనో 1912లో దర్శకుడు గ్రిఫిత్ దగ్గర చిన్న వేషాలు వేశారు. 1914లో వైటాగ్రాఫ్ స్టూడియోలో చేరారు. 1918లో పెర్ల్ వైట్ సరసన 20 భాగాల సీరియల్ 'ది హౌస్ ఆఫ్ హేట్' చేశారు. వాలెంటినోను తారను చేసిన 'ఫోర్ హార్స్‌మెన్' వచ్చింది 1921లో. ముందొచ్చినవాడు నకలెలా అవుతాడు?

లాటిన్ లవర్ ముద్ర కూడా సగమే నిజం. 1926లో నటి గ్రెటా గార్బోతో చేసిన 'ది టెంప్ట్రెస్' ఆ కోవలోదే. కానీ ఎక్కువమంది చూసిన 'ఇట్'లో (1927) క్లారా బో మనసుపడేది సైరస్ వాల్తామ్ అనే అమెరికన్ దుకాణాల యజమాని కొడుకు మీద. ఆ సైరస్ మొరేనోనే.

"తర్వాత కనిపించలేదు"

1936లో స్పెయిన్‌లో కార్మెన్ అమాయాతో 'మరియా దె లా ఓ'. అదే ఏడాది లారెల్, హార్డీలతో 'ది బొహీమియన్ గర్ల్'. హిచ్‌కాక్ 'నొటోరియస్' (1946), ఆపైన 'కెప్టెన్ ఫ్రమ్ క్యాస్టీల్' (1947). 1954లో 'క్రీచర్ ఫ్రమ్ ది బ్లాక్ లగూన్'లో ఆ వింత చేతి శిలాజాన్ని తవ్వితీసే డాక్టర్ మాయా ఆయనే. 1956లో జాన్ ఫోర్డ్ 'ది సెర్చర్స్'లో జాన్ వేన్‌ను కొమాంచీ తెగ నాయకుడు స్కార్ గుడారాల దాకా తీసుకెళ్లే ఎమిలియో ఫిగెరోవా కూడా ఆయనే. అప్పటికి 68 ఏళ్లు. ఆ యాసతోనే మాట్లాడతారు, వినండి.